నల్లగొండ, పాలమూరుల్లో పుట్టని పార్టీ

1919 జనవరి 18న ఇటలీలో ఒక కొత్త పార్టీ పుట్టింది. పేరు ఇటాలియన్ పీపుల్స్ పార్టీ. స్థాపించినవారు లుయీజీ స్తుర్జో అనే కథోలిక ఫాదర్. సిసిలీ దీవిలోని ఒక చిన్న పట్టణం ఆయనది. ఆ పట్టణ పురపాలనను ఏళ్ల తరబడి నడిపిన అనుభవంతో రాజకీయాల్లోకి వచ్చారు. పార్టీ పెట్టిన పది నెలలకే ఎన్నికలు వచ్చాయి. 508 స్థానాల్లో 100 ఆ పార్టీకి దక్కాయి. చిన్న రైతుకు భూమి, స్త్రీలకు ఓటు, వచ్చిన ఓట్లను బట్టి సీట్లు, ఊరికీ పట్టణానికీ స్వపరిపాలన అనేవి దాని కార్యక్రమంలో ముఖ్యాంశాలు. ఇది పోపుగారి పార్టీ కాదని, కథోలికులు కానివాళ్లు కూడా చేరవచ్చని స్తుర్జో మొదటినుంచీ చెబుతూ వచ్చారు. 1922లో ముస్సోలినీ అధికారానికి వచ్చాడు. మరుసటి ఏడాది పోపు పరివారం ఒత్తిడితో స్తుర్జో పార్టీ కార్యదర్శి పదవి వదిలారు. 1924లో దేశమే వదిలి లండన్ చేరారు. 1926 నవంబరులో ఫాసిస్టు ప్రభుత్వం పార్టీని రద్దు చేసింది. ఎనిమిదేళ్లు కూడా నిండలేదు. అయినా ఆ పార్టీ చివరి నాయకుల్లో ఒకరైన అల్చీదె దె గాస్పెరి జైలుకు వెళ్లి వచ్చి, రెండో ప్రపంచ యుద్ధం నాటికి అదే సంప్రదాయంలో మరో పార్టీ కట్టి, 1945 నుంచి 1953 దాకా ఇటలీ ప్రధానిగా ఉన్నారు. క్రైస్తవ ప్రజాస్వామ్యం అని ప్రపంచం పిలిచే రాజకీయ ధోరణికి ఈ అల్పాయుష్షు పార్టీ ఒక ముఖ్యమైన మూలం.

ఇంత దూరపు చరిత్రతో ఎందుకు మొదలుపెట్టానంటే, మన నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాల గురించి ఒక ప్రశ్న అడగడానికి. పాలమూరు ఎర్రనేలల్లోనూ నల్లగొండ గుట్టల మధ్యా క్రైస్తవ సంఘాలు నూటముప్పై ఏళ్లకు పైగా ఉన్నాయి. బడులు, ఆసుపత్రులు, హాస్టళ్లు, మిషను కాంపౌండ్లు ఉన్నాయి. చదువుకున్న ఉపాధ్యాయులు, నర్సులు, పాస్టర్లు మూడు నాలుగు తరాలుగా తయారవుతున్నారు. వీళ్ల తాతలు దేశ్‌ముఖ్‌ల గడీల ముందు వెట్టి చేసినవాళ్లు. అన్యాయం ఎట్లా ఉంటుందో వాళ్లకు ఎవరూ చెప్పనక్కర్లేదు. విశ్వాసం ఉంది, సంస్థలు ఉన్నాయి, బాధ ఉంది, చదువు ఉంది. ఇవన్నీ ఉన్నచోట ఐరోపాలో క్రైస్తవ ప్రజాస్వామ్య పార్టీలు పుట్టాయి. ఇక్కడ పుట్టలేదు. ఎందుకు పుట్టలేదన్నదే ఈ ప్రసంగ విషయం. నా సమాధానం ముందే చెబుతాను. ఇక్కడి క్రైస్తవులను అణచింది వాళ్ల మతం కాదు, కులం. ఆ కులం వల్ల రావలసిన హక్కును, మతం పేరు పైకి చెప్పగానే చట్టం తీసేసింది. తన సభ్యుల హక్కునే పోగొట్టే పేరుతో ఏ పార్టీ నిలబడుతుంది?

మొదట ఇక్కడి సంఘాల పుట్టుక సంగతి చూడాలి. పాలమూరులో అమెరికన్ బాప్టిస్టు మిషను 19వ శతాబ్దం చివర్లో పని మొదలుపెట్టింది. నల్లగొండకు 1890లో అబ్రహాం ఫ్రీసెన్, ఆయన భార్య మరియ వచ్చారు. వాళ్లు రష్యాలో స్థిరపడిన మెన్నొనైట్లు, అమెరికన్ బాప్టిస్టులతో కలిసి పనిచేశారు. సూర్యాపేట, జనగామల్లో కేంద్రాలు ఆ బాటలోనే వచ్చాయి. 1899లో అమెరికా నుంచి మెన్నొనైట్ బ్రదరెన్ మిషనరీలు హైదరాబాదు చేరి, అక్కడి నుంచి దక్షిణానికి నడిచి నాగర్‌కర్నూలు, దేవరకొండ, వనపర్తి, కల్వకుర్తి ప్రాంతాల్లో స్థిరపడ్డారు. 1937లో మహబూబ్‌నగర్, గద్వాల కేంద్రాలు కూడా బాప్టిస్టుల నుంచి వాళ్ల చేతికి వచ్చాయి. బాప్తిస్మం పొందినవాళ్లలో అత్యధికులు మాదిగలు, మాలలు. ఇక ఈ రెండు మిషన్ల సిద్ధాంతం చూడండి. సంఘం వేరు, రాజ్యం వేరు అన్నది బాప్టిస్టులకు పునాది సూత్రం. మెన్నొనైట్లు ఇంకా ముందుకు పోయినవాళ్లు. 16వ శతాబ్దపు ఐరోపాలో రాజులు సంఘాన్ని నడపడాన్ని ఎదిరించి ప్రాణాలు పోగొట్టుకున్నవారి వారసులు. ఆయుధం పట్టరు, కోర్టులో ప్రమాణం చేయరు, చాలాకాలం ప్రభుత్వ పదవి కూడా వద్దన్నారు. పైగా నిజాం రాజ్యంలో వాళ్లు విదేశీయులు. స్థలం కొనాలన్నా బడి కట్టాలన్నా సర్కారు అనుమతి కావాలి. రాజకీయం మాట్లాడే ఇష్టమూ లేదు, వీలూ లేదు.

సిద్ధాంతమే కారణమైతే ప్రశ్న ఇక్కడితో తీరిపోయేది. కానీ తీరదు. ప్రొటెస్టెంటులు పార్టీలు పెట్టిన చరిత్ర ఉంది. నెదర్లాండ్స్‌లో అబ్రహాం కైపర్ అనే పాస్టరు 1879లో కాల్విన్ మతస్థుల పార్టీ కట్టి, 1901లో ఆ దేశ ప్రధాని అయ్యారు. ఇక మన ప్రాంతంలో కథోలికులు లేరా అంటే ఉన్నారు. హైదరాబాదు కథోలిక సంఘాన్ని పెంచింది ఇటలీలోని మిలాన్ నుంచి వచ్చిన మిషనరీలే. స్తుర్జో పార్టీ ఓట్లు అడిగిన దేశం నుంచే వచ్చారు. 1976లో నల్లగొండకు సొంత మేత్రాసనం కూడా ఏర్పడింది. అయినా వాళ్ల వెంట ఆ రాజకీయం రాలేదు. కనుక మిషన్ల బోధన ఆ ఆలోచనను వెనక్కి నెట్టిందనవచ్చు గాని, ఆపిందని చెప్పలేం. ఆపిన కారణం ఇంకా బలమైనది.

ఇక్కడ ఒక పెద్ద మనిషిని తలచుకోవాలి. వేదనాయకం సామ్యేల్ అజరయ్య. తిరునెల్వేలి ప్రాంతపు తమిళుడు. 1912లో డోర్నకల్ బిషప్పుగా అభిషిక్తులయ్యారు. ఆంగ్లికన్ సంఘంలో ఆ పదవికి వచ్చిన మొదటి భారతీయుడు ఆయనే. నిజాం రాజ్యంలోని ఆ చిన్న ఊరి నుంచి, ఎక్కువగా మాలలు, మాదిగలతో నిండిన తెలుగు సంఘాలను 1945 జనవరి 1న చనిపోయేదాకా నడిపారు. 1932 ఆగస్టులో బ్రిటిష్ ప్రధాని కమ్యూనల్ అవార్డు ప్రకటించి, భారతీయ క్రైస్తవులకు ప్రత్యేక నియోజకవర్గాలు ఇచ్చారు. అంటే క్రైస్తవులు క్రైస్తవులకే ఓటు వేసే ఏర్పాటు. క్రైస్తవ పార్టీకి అంతకన్నా అనువైన నేల మరొకటి లేదు. అజరయ్య దాన్ని వ్యతిరేకించారు. సంఘం ఒక రాజకీయ జాతిగా మారిపోతే, బాప్తిస్మం ఇచ్చిన ప్రతిసారీ ఓట్లు పెంచుకోవడానికే ఇస్తున్నారన్న నింద వస్తుందని, సువార్త పలుచబడుతుందని ఆయన భయం. సేలంకు చెందిన క్రైస్తవ నాయకుడు కె.టి. పాల్ కూడా అంతకుముందే ప్రత్యేక నియోజకవర్గాలు వద్దన్నారు. అయినా 1935 చట్టంలో ఆ ఏర్పాటు వచ్చింది. మద్రాసు శాసనసభలోని 215 స్థానాల్లో 8 భారతీయ క్రైస్తవులకు కేటాయించారు. కృష్ణకూ తుంగభద్రకూ అవతల కర్నూలు, గుంటూరు క్రైస్తవులు ఆ ఏర్పాటు కింద ఓట్లు వేశారు. ఇవతల అలంపురం, గద్వాల, దేవరకొండల్లోని క్రైస్తవులకు ఆ ఓటు లేదు, ఎందుకంటే ఇది నిజాం నేల. అవతల కూడా ఆ ఎనిమిది స్థానాల చుట్టూ నిలదొక్కుకున్న పార్టీ ఏదీ రాలేదు. రాజ్యాంగ సభలో ఈ కథ ముగిసింది. సభ ఉపాధ్యక్షుడు, బెంగాలీ క్రైస్తవుడు హరేంద్ర కుమార్ ముఖర్జీ మత మైనారిటీలకు రిజర్వు స్థానాలు వద్దన్న పక్షాన నిలబడ్డారు. 1949 మే నెలలో సభ దాన్ని ఆమోదించింది. దేశం మీద నమ్మకంతో చేసిన త్యాగం అది. ఆ ఉదారతను నేను తక్కువ చేయను. కానీ సభలో అంత ధైర్యంగా వదులుకున్నవాళ్లు చదువుకున్న పట్టణ క్రైస్తవులు. వదులుకోవడం వల్ల నాగర్‌కర్నూలు పల్లెలోని మాదిగ క్రైస్తవుడికి ఏం జరుగుతుందో ఆ చర్చలో తగినంతగా వినిపించలేదు.

జరిగింది మరుసటి ఏడే. 1950 ఆగస్టు 10న రాష్ట్రపతి షెడ్యూల్డు కులాల ఉత్తర్వు జారీ చేశారు. దాని మూడో పేరా ప్రకారం హిందూమతం కాక మరో మతం అవలంబించే వ్యక్తి షెడ్యూల్డు కులస్థుడు కాడు. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులు, ముస్లింలు బయటే ఉండిపోయారు. బ్రిటిష్ ఇండియాలో 1936 నాటి ఉత్తర్వులో కూడా క్రైస్తవులకు ఇలాంటి మినహాయింపే ఉంది. కానీ అక్కడ వాళ్లకు, మంచో చెడో, వేరే స్థానాలు ఉండేవి. 1950 తర్వాత రెండూ పోయాయి. క్రైస్తవుడిగా స్థానం లేదు, మాదిగగా స్థానం లేదు. తెలంగాణ పల్లెలకు ఇది సరిగ్గా రిపబ్లిక్ పుట్టిన మొదటి ఏడాదిలో, మొదటి సాధారణ ఎన్నికల ముంగిట వచ్చి పడింది. వెట్టి మాదిగగా దొర గడీ ముందు నిలబడ్డవాడు చర్చికి వెళ్లినంత మాత్రాన గడీ ముందు కులం మారలేదు. వాడ మారలేదు, బావి మారలేదు. మారింది కాగితంలో ఒక గడి మాత్రమే.

ఆ కాగితం ఎట్లా పనిచేస్తుందో రెండు కేసులు చెబుతాయి. కోలార్ గోల్డ్ ఫీల్డ్స్‌లో రాజగోపాల్ అనే నాయకుడు 1967లో రిజర్వు స్థానం నుంచి ఎన్నికయ్యారు. ఆయన 1949లో క్రైస్తవం తీసుకున్నందున షెడ్యూల్డు కులస్థుడు కాడని ఆ ఎన్నిక చెల్లకుండా పోయింది. 1972లో అదే స్థానం నుంచి మళ్లీ గెలిచారు. ఈసారి ఆయన తిరిగి హిందువు అయ్యారని, కులస్థులు ఆయన్ను ఒప్పుకున్నారని 1975లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. మనిషి ఒక్కడే, నియోజకవర్గం ఒక్కటే, తీర్పులు రెండు. మధ్యలో మారింది ఆయన ఏ దేవుణ్ని మొక్కుతున్నాడన్న ప్రశ్నకు జవాబు. రెండో కేసు 1985 నాటి సూసై కేసు. మద్రాసులో రోడ్డు పక్కన చెప్పులు కుట్టుకునే క్రైస్తవుడు, తోటి చెప్పులు కుట్టేవాళ్లకు ప్రభుత్వం ఉచితంగా బంకు ఇస్తున్నప్పుడు తనకు ఎందుకు ఇవ్వరని అడిగారు. క్రైస్తవంలోకి వెళ్లిన తర్వాత కూడా కులబాధ అంతే తీవ్రంగా ఉందని నిరూపించాలని కోర్టు చెప్పి, ఆయన పిటిషన్‌ను తోసిపుచ్చింది. ఆరె, దారం, తోలు, వీధి అన్నీ అవే ఉన్నా రుజువు చాలలేదు. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1970లలో వెనుకబడిన తరగతుల జాబితాలో బీసీ సి అనే వర్గం పెట్టి, క్రైస్తవం తీసుకున్న షెడ్యూల్డు కులాలవాళ్లకు 1 శాతం ఇచ్చింది. తెలంగాణలో ఇప్పటికీ అది ఉంది. అది చదువుకు, ఉద్యోగానికి కొంత ఆసరా. శాసనసభ గుమ్మం దాకా రాదు, ఎందుకంటే శాసనసభలో బీసీలకు రిజర్వు స్థానాలు లేవు. 1989 నాటి అత్యాచారాల నిరోధక చట్టం కూడా ఎస్సీ హోదా లేనివాడికి అండగా నిలవదు.

ఇప్పుడు దీన్ని పార్టీ పెట్టడంతో కలిపి చూడండి. అచ్చంపేట, అలంపురం, నకిరేకల్, తుంగతుర్తి శాసనసభ స్థానాలు, నాగర్‌కర్నూలు లోక్‌సభ స్థానం, ఇవన్నీ ఇవాళ షెడ్యూల్డు కులాలకు రిజర్వు అయినవి. ఈ రెండు పాత జిల్లాల్లో క్రైస్తవ సంఘాలు గట్టిగా ఉన్న నేల చాలా మటుకు ఇదే. ఇక్కడ క్రైస్తవ ప్రజాస్వామ్య పార్టీ అని బోర్డు పెట్టి నిలబడే అభ్యర్థి, ఆ బోర్డు పెట్టిన రోజే నామినేషన్ వేసే అర్హతను ప్రశ్నార్థకం చేసుకుంటాడు. కార్యకర్త తన కొడుకు సర్టిఫికెట్టును పణంగా పెడతాడు. సభ్యత్వ పుస్తకం తహసీల్దారు ఎదుట సాక్ష్యం అవుతుంది. ఆదివారం సంఘంలో పాట పాడి, సోమవారం దరఖాస్తులో హిందువు అని రాసుకునే జీవితం ఊళ్లలో అందరికీ తెలిసిన సంగతే. దాన్ని కపటం అనేవాళ్లున్నారు. నేను అనను. ఆకలిగా ఉన్నవాడి ముందు అన్నమూ విశ్వాసమూ రెండు పళ్లేల్లో పెట్టి ఏదో ఒకటే తీసుకోమన్న చట్టానిది ఆ తప్పు. అలాంటి జీవితం గడిపేవాళ్లు పార్టీ పేరులో తమ మతాన్ని గోడల మీద రాయించుకోరు.

క్రైస్తవులు తక్కువ మంది, అందుకే పార్టీ లేదు అని సులభంగా చెప్పేవాళ్లు ఉంటారు. 2011 జనాభా లెక్కల ప్రకారం ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో క్రైస్తవులు 1.34 శాతమే. కానీ ఈ అంకెను కారణంగా చూపేముందు, అది ఎట్లా వచ్చిందో అడగాలి. ఇంటి ముందుకు వచ్చిన ఎన్యూమరేటరుకు మతం ఏమిటో చెబితే కులం పోతుందన్న భయం ఉన్నచోట లెక్క తక్కువే వస్తుంది. ఇక్కడ తక్కువ సంఖ్య కూడా అదే చట్టం ఫలితం. ఇంకో మాట. ఒక పార్టీ జిల్లా మొత్తంలో మెజారిటీగా ఉండనక్కర్లేదు. కొన్ని మండలాల్లో గట్టిగా ఉంటే పంచాయతీల్లో, జడ్పీటీసీల్లో బేరం చేయగలదు. ఆ మాత్రం బలం దేవరకొండ, నాగర్‌కర్నూలు, వనపర్తి ప్రాంతాల సంఘాలకు లేదనలేం.

మతం పేరు చెప్పి ఓటు అడగడాన్ని చట్టమే నిషేధించింది కదా అన్నది మరింత గట్టి అభ్యంతరం. నిజమే, 1951 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం 123వ సెక్షన్ అది అవినీతికర చర్య అంటుంది. 2017లో సుప్రీంకోర్టు ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్ని ఇంకా విస్తృతంగా చదివింది. అయినా హైదరాబాదు నగరంలో మజ్లిస్ 1958 నుంచి ఉంది. పంజాబులో అకాలీదళ్, కేరళలో ముస్లింలీగ్ ఉన్నాయి. చట్టం అందరికీ ఒక్కటే. తేడా ఏమిటంటే, పాతబస్తీ ముస్లింకు తన పార్టీ పేరు వల్ల పోయే రిజర్వుడు నియోజకవర్గం లేదు. పాలమూరు మాదిగ క్రైస్తవుడికి ఉంది. కేరళ ఉదాహరణ ఇంకా చక్కగా విడమరుస్తుంది. 1964 అక్టోబరులో కొట్టాయంలో కేరళ కాంగ్రెస్ పుట్టింది. కె.ఎం. జార్జి నాయకుడు, ప్రారంభించినవారు నాయర్ల నాయకుడు మన్నత్తు పద్మనాభన్. పేరులో క్రైస్తవం లేకపోయినా దాని బలమంతా మధ్య తిరువాంకూరు సిరియన్ క్రైస్తవ రైతులే. రబ్బరు తోట ఉన్నవాడు, బ్యాంకు పెట్టినవాడు, పత్రిక నడిపినవాడు తన రాజకీయాన్ని తన పేరుతో చేసుకోగలడు. ఇక్కడివాళ్లకు తోట లేదు, బ్యాంకు లేదు. ఇటలీ పార్టీలో భూమిలేని కూలీలు కూడా ఉన్నారు కదా అని అడగవచ్చు. ఉన్నారు. క్రెమోనా ప్రాంతంలో గ్విదో మిల్యోలి అనే నాయకుడు కథోలిక కూలీల సంఘాలను గట్టిగా నడిపారు. కానీ ఆ కూలీల వెనుక దేశమంతా ఒకే సంఘం, ఊరూరా సహకార సంఘం, పరపతి సంఘం ఉన్నాయి. మన దగ్గర ఒక్కో తాలూకాది ఒక్కో మిషను. 1947 సెప్టెంబరులో దక్షిణ ఇండియా సంఘం ఏర్పడినప్పుడు కూడా ఇక్కడి బాప్టిస్టులు, మెన్నొనైట్లు అందులో కలవలేదు.

అయితే ఈ ప్రజల ప్రజాస్వామ్య కోరిక ఏమైంది? అది వేరే జెండాల కిందికి వెళ్లింది. అందులో ఒకటి కూడా అల్పాయుష్షుదే, దాని పేరు పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్, మనవాళ్లు పీడీఎఫ్ అన్నారు. 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరిగిన దగ్గర నుంచి 1951 అక్టోబరులో కమ్యూనిస్టులు తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం విరమించేదాకా జరిగిందంతా శ్రోతలకు తెలుసు. కడవెండి ఉన్న జనగామ తాలూకా అప్పుడు నల్లగొండ జిల్లాలోనే ఉండేది. హైదరాబాదు రాష్ట్రంలో కమ్యూనిస్టు పార్టీ మీద నిషేధం ఉంది కాబట్టి, మొదటి ఎన్నికల్లో దాని అభ్యర్థులు పీడీఎఫ్ పేరుతో నిలబడ్డారు. 175 స్థానాల శాసనసభలో కాంగ్రెసుకు 93, పీడీఎఫ్‌కు 42 వచ్చాయి. లోక్‌సభకు ఏడుగురు వెళ్లారు. నల్లగొండ ద్విసభ్య నియోజకవర్గంలో రావి నారాయణరెడ్డి 3,09,162 ఓట్లతో నెహ్రూ ఓట్లనే మించిపోయారు. ఒక్కో ఓటరుకు రెండు ఓట్లు ఉన్న నియోజకవర్గం అది, ఆ సంగతి కూడా చెప్పుకోవాలి. రెండో స్థానం షెడ్యూల్డు కులాలది. దానికి సుంకం అచ్చాలు గెలిచారు. ఆలేరు నుంచి ఆరుట్ల కమలాదేవి శాసనసభకు వెళ్లారు. 1957లో కూడా అదే పేరుతో దేవులపల్లి వెంకటేశ్వరరావు నల్లగొండ లోక్‌సభ గెలిచారు. 1962 నాటికి పీడీఎఫ్ పేరు పోయి, వాళ్లంతా కమ్యూనిస్టు పార్టీ గుర్తు మీదే నిలబడ్డారు. స్తుర్జో పార్టీ లాగే పదేళ్ల లోపు బతుకు. పాలమూరులో మాత్రం పీడీఎఫ్‌కు నల్లగొండలో ఉన్నంత బలం రాలేదు. అక్కడ కాంగ్రెసుదే పైచేయి.

దేవుణ్ని నమ్మని పార్టీని తెచ్చి క్రైస్తవ ప్రజాస్వామ్యం పక్కన కూర్చోబెట్టడం ఏమిటని విశ్వాసులు నొచ్చుకోవచ్చు. నొచ్చుకోవడంలో న్యాయం ఉంది. కమ్యూనిస్టు పార్టీలో చేరే కథోలికులను సంస్కారాల నుంచి దూరం పెట్టమని 1949 జూలైలో రోమ్ ఆజ్ఞ ఇచ్చింది. సిద్ధాంతంలో ఇద్దరూ ఎదురెదురు. నేను పోలుస్తున్నది సిద్ధాంతాలను కాదు, ఇద్దరి గుమ్మం ముందు నిలబడ్డ మనుషులను. వెట్టి పోవాలి, దున్నేవాడికి భూమి కావాలి, ఊరి పెత్తనం ఒక ఇంటి చేతిలో ఉండకూడదు, ఆడవాళ్లు కూడా సభలో కూర్చోవాలి. 1919లో ఇటలీ కూలీ ఒక ఫాదర్ పార్టీలో అడిగింది, 1952లో నల్లగొండ కూలీ పీడీఎఫ్‌లో అడిగింది దాదాపు ఇదే. నల్లగొండలో కులం, భూమి అనే రెండు ప్రశ్నలను కలిపి మాట్లాడిన బలమైన పార్టీ అది. మతం అడగలేదు కాబట్టి వాడలోని క్రైస్తవుడికీ హిందువుకూ మధ్య గోడ కట్టలేదు. రిజర్వు స్థానాన్ని మాత్రం మూడో పేరా ప్రకారమే నింపవలసి వచ్చింది. ఆ గోడ పార్టీ కట్టింది కాదు, చట్టం కట్టింది. అదే కాలంలో అంబేద్కర్ షెడ్యూల్డు కులాల ఫెడరేషన్ కూడా హైదరాబాదు శాసనసభలో ఐదు స్థానాలు గెలిచింది. దానికీ అదే హద్దు.

మరి మన కాలంలో ఒక సువార్తికుడు పెట్టిన ప్రజాశాంతి పార్టీ ఉంది కదా అని ఎవరైనా అనవచ్చు. కె.ఎ. పాల్ 2008లో దాన్ని స్థాపించారు. 2022 నవంబరులో మన మునుగోడు ఉపఎన్నికలో ఆయన స్వతంత్ర అభ్యర్థిగా నిలబడ్డారు. కానీ పార్టీ పేరులో క్రైస్తవం లేదు, ఆయన అడిగిన ఓటు కూడా క్రైస్తవ ఓటు కాదు. ఒక వ్యక్తి పిలుపు మీద నడిచే పార్టీకీ, సంఘాల్లోంచి, సహకార సంఘాల్లోంచి, కూలీ సంఘాల్లోంచి పెరిగిన పార్టీకీ చాలా దూరం. ఆ ఉదాహరణ నా వాదాన్ని కాదనదు, బలపరుస్తుంది. తెలంగాణలో సువార్తికుడు సైతం ఆ పేరును పార్టీకి పెట్టలేదు.

ఇప్పుడు మూడో పేరా మీదే వివాదం నడుస్తోంది. దాన్ని సవాలు చేసిన పిటిషన్ 2004 నుంచి సుప్రీంకోర్టులో ఉంది. 2007లో రంగనాథ్ మిశ్రా కమిషన్ షెడ్యూల్డు కుల హోదాను మతం నుంచి విడదీయమని సిఫారసు చేసింది. 2022 అక్టోబరులో కేంద్రం మాజీ ప్రధాన న్యాయమూర్తి కె.జి. బాలకృష్ణన్ అధ్యక్షతన మరో కమిషన్‌ను నియమించింది. ఉన్న కోటాలోకి కొత్తవాళ్లు వస్తే తమ వాటా తగ్గుతుందని హిందూ మాల, మాదిగ సంఘాలు అంటున్నాయి. ఆ భయాన్ని తేలికగా కొట్టిపారేయకూడదు. దానికి జవాబు వాటా పెంచడంలో ఉంది, ఒకే వాడలో అన్నదమ్ముల్లో ఒకరిని బయట పెట్టడంలో లేదు. ఆ పేరా రద్దయితే నల్లగొండలో, పాలమూరులో క్రైస్తవ పార్టీ పుట్టుకొస్తుందని కొందరు హెచ్చరిస్తున్నారు. నా అంచనా అందుకు విరుద్ధం. మతం దాచుకోనక్కర్లేని రోజు వస్తే, అలంపురంలోనో నకిరేకల్‌లోనో ఒక మాదిగ ఉపాధ్యాయుడు తన సంఘం పేరు, తన కులం పేరు రెండూ అఫిడవిట్‌లో రాసి, కాంగ్రెసు టికెట్టో, బీఆర్‌ఎస్ టికెట్టో, కమ్యూనిస్టుల టికెట్టో అడుగుతాడు. అడిగేది భూమి, నీళ్లు, హాస్టలు, ప్రభుత్వ ఉద్యోగం. డెబ్బై ఏళ్లకు పైగా ఆ నామినేషన్ పత్రాన్ని ఆపుతున్నది పార్టీలు కాదు, 1950 ఆగస్టు 10 నాటి ఆ ఉత్తర్వు. దాన్ని మార్చే అధికారం పార్లమెంటుకు ఉంది. 1956లో ఒకసారి, 1990లో మరోసారి మార్చింది కూడా.